కదలుబొమ్మలను కుదించు విద్య

మీ యింటి పెట్టెలో మనుమరాలి పెండ్లి వీడియో యొకటి యుండియే యుండును. అది టేపుగా వచ్చినను, సీడీగా వచ్చినను, ఈనాటివలె పెన్‌డ్రైవులో వచ్చినను, దానిని తయారుచేసినవాని కంప్యూటరులో మరియొక వస్తువు కూడ పుట్టియుండును. దానిని మీరు చూచియుండరు. అది బొమ్మ కాదు, ఒక వ్రాత. ఏ టేపులో ఎన్నవ బొమ్మ మొదలు ఎన్నవ బొమ్మవరకు తీసికొనవలెను, దేని తరువాత దేనిని ఉంచవలెను, ఎక్కడ వెలుతురు పెంచవలెను అని యంత్రమునకు చెప్పు ఆజ్ఞాపత్రము. ఆ ఆజ్ఞాపత్రమునుండి మీరు చూచెడి వీడియో యెట్లు తయారగునో, ఆ తయారగుటలో ఏది మిగులునో, ఏది పోవునో నేడు చెప్పదలచితిని. ఇది యంత్రవిద్య కదా, పల్లెపెద్దలకేల యని సందేహింపవలదు. ఈ చరిత్రలో ఏలూరు కలదు, తాడేపల్లిగూడెము కలదు, కొల్లేరు కలదు. నా తప్పొకటి కూడ కలదు. దానిని చివర చెప్పెదను.

ఏలూరికి చేరువనున్న సోమవరప్పాడున అక్కినేని లక్ష్మీవరప్రసాదరావుగారు జన్మించిరి. ఎల్.వి. ప్రసాదుగారనిన మీకందరకును తెలియును. ఆయన బాల్యమున ఏలూరిలో డేరాలు వేసి కదలుబొమ్మలు చూపెడివారు. ఆ డేరాలలో కూర్చుండి చూచిన బాలుడు పెద్దవాడై బొంబాయి చేరెను. 1931లో వచ్చిన మొదటి మాటలచిత్రము 'ఆలం ఆరా'లోను, ఆ యేటనే వచ్చిన 'కాళిదాసు'లోను, 1932 నాటి 'భక్త ప్రహ్లాద'లోను వేషములు కట్టెను. పిమ్మట దర్శకుడై 1949లో 'మనదేశము'ను, 1955లో 'మిస్సమ్మ'ను తీసెను. 1982 సంవత్సరపు దాదాసాహెబ్ ఫాల్కే బహుమానము ఆయనకు వచ్చినది. ఆయన మదరాసున నెలకొల్పిన ప్రసాదు సంస్థ మొదట రీళ్లు కడుగు ప్రయోగశాలగా పేరుపొంది, తరువాతి కాలమున పాత రీళ్లను అంకెలలోనికి మార్చి మరమ్మతు చేయుటలో దేశాంతరములయందును ఖ్యాతి గాంచినది. విధి విలాసము చూడుడు: ఆయన మొట్టమొదట వేషము వేసిన ఆ మూడు చిత్రముల రీళ్లును నేడు ఎక్కడను లభించుట లేదు.

రీళ్ల కాలమున చిత్రమును కూర్చు పద్ధతిని మొదట తెలిసికొనవలయును. ఏలననగా నేటి పద్ధతి దాని సంతానమే. ఫిలిము అడుగునకు 16 బొమ్మలు, సెకనునకు 24 బొమ్మలు. వేయి అడుగుల రీలు 11 నిమిషములు నడచును. మూడు గంటల చిత్రమునకు 16,000 అడుగులకు మించి కావలెను. కెమెరాలో తీసిన అసలు నెగటివును ఎడిటరు ముట్టడు. దానికొక నకలు తీయించుకొని, ఆ నకలును కోసి, అతికించి, చూచి, మరల కోసి, కూర్పు కుదుర్చుకొనును. నెగటివు అంచున వరుసగా సంఖ్యలు అచ్చుపడియుండును. అవి నకలు మీదకును దిగును. కూర్పు కుదిరిన పిదప ఆ సంఖ్యల జాబితా ననుసరించి నెగటివును కోయుదురు. చూచితిరా? ఆనాడును అసలు బొమ్మ వేరు, జాబితా వేరు, జనులు చూచు ప్రింటు వేరు. మూడు వస్తువులు.

రేలంగి వేంకటరామయ్యగారు తాడేపల్లిగూడెమున చిత్రశాల కట్టించిన సంగతి ఆ ప్రాంతమువారెల్లరు ఎరిగినదే. అట్టి చిత్రశాలల యంత్రపుగదులలో రీలు తెగినపుడు ఆపరేటరు చినిగిన రెండు మూడు బొమ్మలను కోసివేసి అతికించెడివాడు. పట్టణములలో ఆడి ఆడి పల్లెడేరాలకు చేరునప్పటికి పాట మధ్యలో గంతులు వేసెడిది. అయినను బెంగలేదు. నెగటివు మదరాసున క్షేమముగ నుండిన, కొత్త ప్రింటు తీయవచ్చును. ఈ మాటను మనస్సున ఉంచుకొనుడు.

ఇక వ్రాతనుండి బొమ్మ పుట్టుటయన్న వింతగా తోచునేమో. ఏలూరి తివాసీ మగ్గము చూచినవారికి వింత కాదు. తివాసీ నేయువారియెదుట గళ్ళకాగితముమీద నమూనా యుండును. ఒక్కొక్క గడికి ఒక ముడి. గడికి ఏ రంగో ముడికి ఆ రంగు. వరుస తరువాత వరుస అట్లే చూచుకొనుచు ముడులు వేసికొని పోదురు. కాగితమును పరచుకొని కూర్చుండజాలము. అది తివాసీ కాదు. కాని నమూనాయును, ఉన్నియును ఉన్నంతకాలము తివాసీ మరల మరల నేయవచ్చును. ఉన్ని పోయి నమూనా మిగిలిన? అదియే నా కథ. కొంచెము ఆగుడు.

కంప్యూటరునకు బొమ్మయనిన గళ్ళకాగితమే. మొన్నమొన్నటి టెలివిజను బొమ్మలో అడ్డముగ 720, నిలువుగ 576, వెరసి 4,14,720 చుక్కలుండెడివి. చుక్కకు ఎరుపు ఎంత, ఆకుపచ్చ ఎంత, నీలము ఎంత అని మూడంకెలు. సెకనునకు 25 బొమ్మలు. ఈ లెక్కను గంటసేపు వ్రాసికొని పోయిన సుమారు 112 గిగాబైట్లగును. అంకెకొక బైటు చొప్పున పదకొండువేల రెండువందల కోట్ల అంకెలన్నమాట. డీవీడీ పళ్లెమొకటి 4.7 గిగాబైట్లు పట్టును. అనగా గంట పెండ్లికి 24 పళ్లెములు! పుట్టి ధాన్యమును చేటలో పోయుమన్నట్లున్నది. కనుక కుదింపక తప్పదు. ఎట్లు కుదించుట?

ఇక్కడ మనవాడొకడు వచ్చును. కమిసెట్టి రామమోహనరావుగారు. పేరు వినినంతనే మనవారని తోచును. ఆయన గిండీ ఇంజనీరింగు కళాశాలలో 1952లో పట్టము పొంది, అమెరికాకు పోయి, 1966 మొదలు టెక్సాసు రాష్ట్రమున ఆర్లింగ్టను విశ్వవిద్యాలయమున ఆచార్యులై యుండిరి. ఆయన మిత్రుడు బెంగుళూరున పుట్టిన నాసిర్ అహ్మదుగారు కాన్సాసు రాష్ట్ర విశ్వవిద్యాలయమున పనిచేయుచుండిరి. బొమ్మలను కుదించుటకు అహ్మదుగారికొక ఊహ తట్టినది. దానిని పరిశీలించుటకు 1972లో అమెరికా జాతీయ విజ్ఞాన సంస్థను ధనసహాయ మడిగిరి, లభింపలేదు. ఊహ మరీ సులువుగ నున్నదని పరీక్షకులలో నొకరికి తోచినదని అహ్మదుగారే తరువాత వ్రాసిరి. సులువైనదానికి మర్యాద తక్కువ. ఇది మన పండితులలోను కలదు. అహ్మదుగారు మానలేదు. తన శిష్యుడు నటరాజను, మన రామమోహనరావుగారు తోడుకాగా లెక్క పూర్తిచేసిరి. 1974 జనవరిలో ఆ మువ్వురి పేరుతో చిన్న వ్యాసము అచ్చయినది. దాని పేరు డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫారం. ఈనాడు మీ మనుమడు సెల్‌ఫోనులో ఫోటో తీసిన ప్రతిసారియు ఈ లెక్కయో, దాని సంతతియో పనిచేయుచుండును. రామమోహనరావుగారు 2021 జనవరిలో పరమపదించిరి. మన ఊళ్లలో ఆయన పేరు ఎరిగినవారు ఎందరు?

ఆ లెక్కలోని కీలకమును చెప్పెదను. బొమ్మను 8 చుక్కల వెడల్పు, 8 చుక్కల ఎత్తు గల చదరములుగా కోయుదురు. చదరమునకు 64 చుక్కలు. చుక్కచుక్కకును విలువ వ్రాయుటకు మారుగా, ఆ చదరమును అలల మొత్తముగా వ్రాయుదురు: పెద్ద అల ఎంత, దానికంటె చిన్న అల ఎంత, అంతకంటె సన్నని అల ఎంత, ఇట్లు 64 అలలు. ఆకాశమువంటి నున్నని చదరమునకు పెద్ద అలలు ఒకటి రెండు చాలును. తక్కినవన్నియు ఇంచుమించు సున్నలు. ధాన్యము కొలచునపుడు కుంచములు వ్రాసికొందుము, మానికలు వ్రాసికొందుము. గిద్దల దగ్గరకు వచ్చుసరికి పోనిమ్మందుము. ఇక్కడను అంతే. సన్నని అలలను మన కన్ను అంతగా పట్టుకొనజాలదు గనుక వానిని ముతకగా కొలచి, చిల్లరను సున్నచేసి విడిచివేయుదురు. సున్నల గుంపును 'ఇన్ని సున్నలు' అని ఒక్కమాటలో వ్రాయవచ్చును. కుదింపంతయు ఇందే యున్నది. అలలుగా మార్చుటవలన నష్టము లేదు, మరల చుక్కలుగా మార్చవచ్చును. గిద్దలను విడిచివేసిననాడే నష్టము. విడిచిన గిద్ద మరల రాదు.

రెండవ ఉపాయము కదలికకు సంబంధించినది. ఆటపాకలో గూడకొంగ యొకటి చెట్టుకొమ్మమీద కూర్చుండి రెక్క విదిలించినదనుకొనుడు. ఈ బొమ్మకును, వెనుకటి బొమ్మకును భేదము ఆ రెక్క మాత్రమే. చెట్టు, ఆకాశము, కొమ్మ మారలేదు. కావున అప్పుడప్పుడు ఒక నిండుబొమ్మ వ్రాసి, నడుమ బొమ్మలలో 'వెనుకటిదే, రెక్క ఇంత జరిగినది' యని భేదమును మాత్రము వ్రాయుదురు.

ఇట్టి కుదింపునకు నీరు మహావిరోధి. కొంగ రెక్కను లెక్కింపవచ్చును గాని, గాలికి చెదరిన కొల్లేటి నీటిని లెక్కించుట యంత్రమునకు తలకు మించిన పని. ప్రతి చదరములోను సన్నని అలలే. ప్రతి బొమ్మలోను అవి వేరు. వెనుకటిదానితో పోలిక దొరకదు, సున్నలు దొరకవు. తుంగదుబ్బులు ఊగినను, వాన పడినను ఇదే చిక్కు. ఇచ్చిన చోటు చాలక యంత్రము సన్నని అలలన్నిటిని విడిచివేయును. అప్పుడు నీటిమీద చదరపు పెళ్లలు తేలును, ఇటుకలు పరచినట్లుండును. బొమ్మను అలలుగా లెక్కించు విద్యకు అలలే లొంగకపోవుట నాకు ఎంతటి ఆశ్చర్యమో చెప్పలేను.

లెక్క యొకటి పుట్టిన మాత్రాన దేశదేశముల యంత్రములు ఒక్కభాష మాటలాడవు. అందరు ఒప్పుకొన్న ప్రమాణము కావలెను. టెలిఫోను తీగలలో బొమ్మలు పంపుటకు 1988లో ఒక ప్రమాణమును, నిలుచుబొమ్మలకు 1992లో జేపెగ్ అనుదానిని, 1993లో ఎంపెగ్-1 అనుదానిని నిర్ణయించిరి. మన పెండ్లిండ్లకు వచ్చిన వీడియో సీడీలు ఈ ఎంపెగ్-1వే. 2003లో వచ్చిన హెచ్.264 అంతకంటె మిక్కిలి నేర్పరి. దానిని సాధారణముగ ఎంపీ4 అను ఫైలులో నుంచుదురు. ఇక్కడ పలువురు పొరబడుదురు. ఎంపీ4 అనునది గోనెసంచి పేరు; హెచ్.264 లోపలి ధాన్యము పేరు. ఒకే తీరు సంచిలో వడ్లుండవచ్చును, మినుములుండవచ్చును. సంచి మార్చినంత మాత్రమున ధాన్యము మారదు, బాగుపడదు.

ఇక ఆజ్ఞాపత్రము. 2000 సంవత్సరమున బెన్ రూడియాక్-గౌల్డ్ అనునాతడు ఏవీఐసింత్ అను సాధనమును వ్రాసెను. అందు కూర్పంతయు మామూలు అక్షరములలో వ్రాయవచ్చును. ఏ ఫైలు తెరవవలెను, ఎన్నవ బొమ్మనుండి ఎన్నవ బొమ్మవరకు, ఎంత వెలుతురు, వరుసకొక ఆజ్ఞ. దానినే స్క్రిప్టు అందురు. ఈ సాధనము కొత్త వీడియోను తయారుచేసి పెట్టుకొనదు. కుదించు యంత్రము 'మొదటి బొమ్మ యేది?' యని అడుగును. ఇది స్క్రిప్టు చూచి, టేపునుండి ఎక్కించిన ఫైలులో ఆ బొమ్మను వెదకి, దిద్ది అందించును. 'రెండవది?' యనిన రెండవది. పురాణ కాలక్షేపమున ఒకరు పద్యము చదువగా వేరొకరు అర్థము చెప్పుచు పోవునట్లు. కుదించు యంత్రము తన యెదుట నిండు వీడియో యున్నదనియే భ్రమపడి కుదించుకొని పోవును. చివరకు చేతికి వచ్చు ఫైలును ఏ పెట్టెలోనైనను చూడవచ్చును. స్క్రిప్టు పరిమాణము ఉత్తరమంత. అసలు టేపు గంటకు 13 గిగాబైట్లు. ఫలితము వీని నడుమ మన యిష్టమంత.

ఆ యిష్టమంతలోనే నేర్పున్నది. ఏలూరిలో గోదావరి కాలువయు, కృష్ణ కాలువయు కలియును గనుక నీటివంతులు మీకు వేరుగ చెప్పనక్కరలేదు. కాలువకు వచ్చునీరు ఇంతేయని తెలిసినపుడు బుద్ధిమంతుడు మొదట ఆయకట్టంతయు తిరిగి, ఎచ్చట మెట్టయో, ఎచ్చట పల్లమో చూచికొని, తరువాత తూములెత్తును. మంచి కుదింపు యంత్రము కూడ బొమ్మలను రెండుమార్లు చూచును. మొదటిమారు ఏ ఘట్టము కఠినమో వ్రాసికొనును. రెండవమారు నిలుకడగా నున్న ఘట్టమునకు తక్కువయు, నీరు కదలు ఘట్టమునకు ఎక్కువయు పంచును. ఆత్రపడి ఒక్కమారుతో ముగించినవాని వీడియోలో నీరు ఇటుకలగును.

ఇక నా సంగతి. మా మేనల్లుడు 2001లో చిన్న డిజిటలు కెమెరా యొకటి కొని కొల్లేటి లంకలలో ఫాల్గుణమాసమంతయు తిరిగెను. నేనును వెంట పోయితిని. కొల్లేటికోట పెద్దింట్లమ్మ జాతరకు పడవలలో వచ్చు జనమును, తాటిదోనెలను, వలలను, చేపలచెరువుల గట్లమీది కాపలా గుడిసెలను రెండు టేపులలో తీసెను. టేపునకు గంట. 2003లో వానిని కంప్యూటరులోనికి ఎక్కించి, స్క్రిప్టు వ్రాసి, వీడియో సీడీ చేసెను. ఎక్కించిన ఫైళ్లు పెద్దవగుటచే, అప్పటి కంప్యూటరులో చోటులేక, సీడీ కాగానే చెరిపివేసెను. టేపులున్నవి కదా యనుకొంటిమి. ఆ టేపులు మా యింట భద్రముగ నుండెను.

ఆ సంవత్సరమే మా యింట పెండ్లి. రాత్రి రెండు గంటలకు ముహూర్తము. కెమెరా పట్టినవాని టేపులు అయిపోయినవి, అంగళ్లు మూసియున్నవి. "మామయ్యా, ఏమైనా టేపులున్నాయా?" యని కేక. నేను లేచిపోయి ఆ రెండు టేపులు తెచ్చియిచ్చితిని. ఇచ్చినది నేనే. సీడీ యున్నది కదా, మరల టేపేల యని ఆ క్షణమున తోచినది.

1999లో కొల్లేటిని అభయారణ్యముగ ప్రకటించియుండిరి. అయిదవ కాంటూరు లోపల 308 చదరపు కిలోమీటర్లు. 2006లో ఆ హద్దులోని చెరువుల గట్లను ప్రభుత్వము కొట్టివేసినది. అది న్యాయమా అన్యాయమా యను వాదమునకు నేనిప్పుడు దిగను. సరస్సును బ్రతికింపవలెననువారి మాటలోను, బ్రతుకుతెరువు పోయినవారి మాటలోను నిజమున్నది. నేను చెప్పునది ఇంతే: మేము తీసిన గుడిసెలలో పెక్కు ఆ యేటితో లేకపోయినవి. మిగిలినది సీడీ. వీడియో సీడీ బొమ్మ టేపు బొమ్మలో నాల్గవవంతు చుక్కలు గలది. సెకనునకు టేపు రెండున్నర కోట్ల బిట్లు వెచ్చించినచోట సీడీ పదకొండున్నర లక్షలు వెచ్చించును. అందు కొల్లేరు లేదు. ఇటుకలున్నవి.

మేనల్లుని కుమారుడు ఇంజనీరింగు చదివినవాడు. మొన్నీమధ్య ఆ సీడీని చూచి, "తాతయ్యా, దీనిని హెచ్.264లోకి మార్చనా?" యని అడిగెను. చెరకు పిప్పిని ఎంత మంచి గానుగలో పెట్టినను రసమేమి వచ్చును? వాడును ఆ సంగతి ఎరుగును. పాత కంప్యూటరు వెదకగా స్క్రిప్టు దొరికినది. నలుబది మూడు వరుసలు. ఇద్దరము కూర్చుండి చదివితిమి. వరుసకు మొదట ఒక గుర్తు పెట్టిన, ఆ వరుసను యంత్రము చదువదు, అది మనుష్యులకొరకు. మా మేనల్లుడు ప్రతి ఆజ్ఞ మీదను అట్టి వరుస యొకటి వ్రాసికొనియుండెను. 'రేవులో దోనెలు, పొద్దున్నే.' 'వల విసిరేటప్పుడు జారిపడ్డాడు, నవ్వు ఉంచాలి.' 'గట్టుమీద పిల్ల, మేకపిల్ల.' దానిక్రింద రెండు సంఖ్యలు. పోయిన పొలమునకు మిగిలిన దస్తావేజువలె నున్నవి.

"టేపులేవి?" యని వాడడిగెను. పెండ్లి టేపులని చెప్పితిని. వాడు ఒక్కక్షణమాగి, వానినే తెమ్మనెను. మొదటి టేపులో పెండ్లి అంచువరకు నిండియున్నది. రెండవ టేపులో తలంబ్రాలు ముగియగానే, 51వ నిమిషమున, కెమెరా ఆపిరి. తెర ఒక్కమారు నల్లబడి, గీతలుపోయి, నీరు కనబడినది.

తొమ్మిది నిమిషములు. స్క్రిప్టులో చివరి మూడు ఆజ్ఞలు ఆ తొమ్మిది నిమిషములలోనివే. సంఖ్యలు వెంటనే సరిపడలేదు. టేపును మరల ఎక్కించినపుడు మొదటి బొమ్మ ఎచ్చట మొదలైనదో, 2003లో ఎచ్చట మొదలైనదో వేరు. సీడీలోని ఒక కొంగ ఎగిరిన క్షణమును టేపులో వెదకి పట్టుకొని, భేదమెంతయో కనుగొని, ఆజ్ఞలన్నిటికి కలిపినాడు. 78250 మొదలు 80500 వరకు అనుదానిలో తొంబది సెకనులున్నవి. రెండుమార్లు చూచు పద్ధతిని, తొందరలేకుండ, రాత్రియంతయు కుదించినాడు. ఈసారి టేపులనుండి ఎక్కించిన ఫైలును, స్క్రిప్టును, కుదించిన ఫైలును మూడు చోట్ల దాచినాడు.

ఉదయమున చూపినాడు. నీటిమీద ఇటుకలు లేవు. తాటిదోనె పోయినదారి రెండు గీతలుగ విడి, తుంగవరకు పోయి, సన్నగిలినది. దోనెలో ముసలివాడు మావైపు చేయెత్తెను. స్క్రిప్టులో ఆ ఆజ్ఞ మీది వరుస ఇట్లున్నది: 'ఈయన పేరు మామయ్యను అడగాలి.' ఇరువది యేండ్లుగా ఎవరును అడుగలేదు. అబ్బాయి అడిగెను, నేను చెప్పితిని. వాడు ఆ వరుసలోనే, యంత్రము చదువనిచోట, ఆ పేరు చేర్చినాడు.